బుజ్జి పోవడం లేదు! మూడు రోజులు వాడాక ఈ గేమ్ కన్సోల్ రివ్యూ

అందరికీ నమస్తే అండీ. ముందే చెప్పేస్తాను, పాత గేములు ఆడించే, చేతిలో పట్టుకునే ఈ చిన్న కన్సోల్ నేను కొన్నది కాదు. విజయవాడ గవర్నర్‌పేటలో ఒక షాపు వాళ్లు వాడి చూడమని ఇచ్చారు. డబ్బులేం ఇవ్వలేదు, ఏం చెప్పాలో కూడా చెప్పలేదు. ఈ వీడియో చూశాక ఇంకోటి ఇస్తారో లేదో మాత్రం డౌటే. కంపెనీ పేరు నా నోటితో చెప్పను. ఇదే సరుకు రకరకాల పేర్లతో వస్తోంది, చూస్తే మీకే తెలిసిపోతుంది.

స్క్రీన్ ఎన్ని అంగుళాలు, లోపల ఏ చిప్పు, బ్యాటరీ ఎంత, ఇవన్నీ ఈపాటికి నాలుగు చానెళ్లలో చూసే ఉంటారు, మళ్లీ నేను చదివి వినిపించను. స్క్రీన్ బాగుంది. పగటి ఎండలో గుంటూరు స్టేషన్ ప్లాట్‌ఫారం మీద కూడా బొమ్మ కనపడింది. బటన్లు మెత్తగా ఉన్నాయి, టకటకా చప్పుడు లేదు. రైల్లో నా పక్కన నిద్రపోతున్న పెద్దాయన నిద్రపోతూనే ఉన్నారు. పైన రెండు మూలల్లో ఉన్న బటన్లు నా వేళ్లకి కొంచెం చిన్నవి. ఇక మెమరీ కార్డులో వేల గేములు వేసి ఇస్తున్నారు. అవి ఎలా వచ్చాయో మీకూ తెలుసు, నాకూ తెలుసు, దాన్ని ఫీచర్ అని నేను పొగడను. నా దగ్గర అసలు క్యాసెట్ ఉన్న గేమ్ ఒక్కటే తెరిచాను. పోకెమాన్ ఎమరాల్డ్, అంటే పోకెమాన్ అనే జీవుల్ని పట్టి జట్టు కట్టుకుని ఆడే పాత గేమ్. గొడవంతా అక్కడ మొదలైంది.

తెరవగానే టైటిల్ రాలేదండీ. సరాసరి గడ్డిలో ఎవడో నిలబడి ఉన్నాడు. మెనూ నొక్కితే పేరు బుజ్జి. ఐదు బ్యాడ్జీలు, 41 గంటల ఆట. వాడి జట్టులో ముందున్న పోకెమాన్ పేరు ఉప్మా. నాకంటే ముందు ఈ కన్సోల్ ఇంకెవరి దగ్గరికో రివ్యూకి వెళ్లొచ్చింది, వాళ్లు చెరపకుండా తిరిగిచ్చేశారు. షాపుకి ఫోన్ చేస్తే, "పాత గేమ్ ఉంటే ఏమైందండీ, 41 గంటలు మీకు మిగిలినట్టేగా" అన్నారు. నేను రివ్యూ చేయాలి కదా బాబూ, బుజ్జి ఆడిన ఆటకి నేను మార్కులు వేయలేనుగా.

మొదటి రోజు. గుంటూరు నుంచి విజయవాడ రైలెక్కాను, రోజూ వెళ్లేదే. ఏ, బీ, స్టార్ట్, సెలెక్ట్ నాలుగూ కలిపి నొక్కాను, టైటిల్‌కి వచ్చింది. న్యూ గేమ్ పెట్టాను. నంబూరు వచ్చేసరికి నా పేరు రాసుకున్నాను, మంగళగిరి దగ్గర నా మొదటి పోకెమాన్‌గా టార్చిక్‌ని ఎంచుకున్నాను. కృష్ణా కెనాల్ దగ్గర రైలు ఎప్పట్లాగే ఆగింది, అక్కడ సేవ్ చేశాను. ఇక్కడ ఎమరాల్డ్ పద్ధతిగానే అడుగుతుంది. ఇందులో వేరే వాళ్ల ఆట ఉంది, నువ్వు సేవ్ చేస్తే అది పోతుంది, సరేనా అని. కాస్త జంకుతూనే ఎస్ కొట్టాను. విజయవాడ వచ్చింది. దిగే హడావుడిలో పవర్ బటన్ గట్టిగా నొక్కి పట్టుకుని ఆపేసి జేబులో పెట్టుకున్నాను. సాయంత్రం తిరుగు రైల్లో తెరిస్తే అదే గడ్డి, అదే బుజ్జి. నా టార్చిక్ లేదు.

రెండో రోజు ఈ కన్సోల్ మెనూలో వెతికితే "రీసెట్ గేమ్" అని దొరికింది. నొక్కాను, డన్ అంది. గేమ్ తెరిచాను, బుజ్జి. మూడో రోజు ఫ్యాక్టరీ రీసెట్ కొట్టాను. భాష, వెలుతురు, వైఫై పాస్‌వర్డ్ అన్నీ పోయాయి. బుజ్జి మాత్రం చెక్కుచెదరలేదు. ఆ పూట పటమటలో మా అక్క వాళ్లింట్లో ఉన్నాను. మా అక్క కొడుకు భుజం మీదుగా తొంగి చూసి, "మావయ్యా, ఎవరీ బుజ్జి, నీ ఫ్రెండా?" అన్నాడు.

అసలు రీసెట్ అనే మాటతో నాకు చిన్నప్పటి నుంచీ పడదు. మా ఇంట్లో మొదట ఉన్నది బ్రిక్ గేమ్, బ్లాకులు పడేది. అందులో దాచుకునేది హైస్కోర్ ఒక్కటే, సెల్స్ తీస్తే అది కూడా పోయేది. గోడ గడియారం ఆగినప్పుడల్లా నాన్న ఆ గేమ్‌లో సెల్సే పీకేవాడు. తర్వాత బాబాయి కువైట్ నుంచి గేమ్‌బాయ్ అడ్వాన్స్ ఎస్పీ తెచ్చాడు, దాంతో పాటు ఈ ఎమరాల్డ్ క్యాసెట్. ఒక క్యాసెట్‌కి ఒకటే సేవ్, ఇంట్లో మేం ఇద్దరం. మా తమ్ముడు న్యూ గేమ్ పెట్టాడు. ఇందాక చెప్పానే, ఆ హెచ్చరిక వాడికీ వచ్చింది. వాడు చదివితే కదా! ఏ, ఏ, ఏ అని నొక్కుకుంటూ పోయాడు. నా ఎండాకాలం సెలవులన్నీ దాంతో పోయాయి. అయినా ఇవాళ ఆలోచిస్తే తప్పు గేమ్‌ది కాదు. అడిగింది, వాడు వినలేదు.

ఆ పాత గేముల్లో ఈ విషయం ఎంత శుభ్రంగా ఉండేదో చెప్పాలి, కొంచెం ఓపిక పట్టండి. ఆ నాలుగు బటన్లూ కలిపి నొక్కితే ఆట మళ్లీ టైటిల్‌కి వెళ్తుంది, అంతే. సేవ్ చేసింది ఎక్కడికీ పోదు, సేవ్ చేయనిది పోతుంది. అందుకే పోకెమాన్ ఎదురయ్యే ముందు సేవ్ చేసుకుని, మామూలు రంగుది వస్తే మళ్లీ మొదలుపెడుతూ, అరుదైన వేరే రంగు పోకెమాన్ కోసం జనం గంటల తరబడి అదే నొక్కుతూ కూర్చునేవాళ్లు. ఎమరాల్డ్ కాలంలో అది దొరికే అవకాశం 8192లో ఒకటి. నేనూ కూర్చున్నాను, దొరకలేదు, ఆ కథ వదిలేయండి. పూర్తిగా చెరపాలంటే దారి వేరు. టైటిల్ దగ్గర పై బాణం, సెలెక్ట్, బీ మూడూ కలిపి పట్టుకోవాలి. పొరపాటున ఎవరూ అలా పట్టుకోరు. పట్టుకున్నా, అంతా చెరిపేయనా అని మళ్లీ అడుగుతుంది. ఆపడానికి ఒక దారి, చెరపడానికి ఇంకో దారి, రెండూ ఎక్కడా కలవవు. నా క్యాసెట్‌లో బ్యాటరీ ఎప్పుడో అయిపోయింది, ఆన్ చేస్తే ఆ సంగతి చెప్తుంది కూడా. లోపలి గడియారం ఆగింది కానీ ఆట ఆగలేదు, ఎందుకంటే ఎమరాల్డ్‌లో సేవ్ ఉండేది ఫ్లాష్ మెమరీలో. అంతకుముందు గోల్డ్, సిల్వర్ క్యాసెట్లలో అయితే బ్యాటరీతో పాటే సేవ్ కూడా పోయేది.

తర్వాత సోనీ వాళ్ల పీఎస్పీ కన్సోల్ వాడాను. దాంట్లో సేవ్‌లన్నీ ఒక చోట వరసగా బొమ్మతో, తేదీతో, టైముతో కనపడేవి. కావాల్సిన దాని మీద ట్రయాంగిల్ నొక్కి డిలీట్ కొట్టడమే. నింటెండో స్విచ్ కన్సోల్‌లో ఇంకో రకం. గేమ్ తీసేసినా సేవ్ పోదు, అది కార్డులో కాకుండా కన్సోల్ సొంత మెమరీలో ఉంటుంది. చెరపాలంటే సెట్టింగ్స్‌లో డేటా మేనేజ్‌మెంట్‌లోకి పనిగట్టుకుని వెళ్లాలి. నాకు అది నచ్చుతుంది. చెరపడం అనేది పనిగట్టుకుని వెళ్లి చేసే పనిలాగే ఉండాలి.

ఇప్పుడు మన బుజ్జి దగ్గరికి వద్దాం. మూడో రోజు రాత్రి కార్డు తీసి ల్యాప్‌టాప్‌లో పెట్టాక విషయం అర్థమైంది. ఇలాంటి కన్సోళ్లలో చాలావాటికి లోపల పని చేసేది రెట్రోఆర్క్ అనే, పాత గేముల్ని ఆడించే ప్రోగ్రామ్. అందులో మీ ఆట రెండు రకాలుగా దాగుతుంది. మీరు గేమ్ లోపల సేవ్ కొడితే అది ఎస్ఆర్ఎమ్ అనే ఫైల్‌లోకి పోతుంది, అది లెక్కల పుస్తకం అనుకోండి. రెండోది స్టేట్. అది ఆ క్షణాన ఇల్లంతా కలిపి తీసిన ఫోటో, టేబుల్ మీదున్న లెక్కల పుస్తకం కూడా ఆ ఫోటోలో ఉంటుంది. ఈ కంపెనీ వాళ్లు ఏం చేశారంటే, గేమ్‌లోంచి బయటకు వచ్చినప్పుడు దానంతట అదే ఫోటో తీసేలా, తెరవగానే దానంతట అదే ఆ ఫోటో పెట్టేలా ఆన్ చేసి పంపారు. రెట్రోఆర్క్ వాళ్లు ఈ రెండూ ఆఫ్‌లో పెట్టి ఇస్తారు. వీళ్లు సుఖంగా ఉంటుందని ఆన్ చేశారు.

మొదటి రోజు నేను పవర్ బటన్ పట్టుకుని ఆపేశాను, గేమ్‌లోంచి బయటకు రాలేదు. బయటకు వస్తేనే పుస్తకం కార్డులోకి ఎక్కుతుంది, కొత్త ఫోటో తీస్తుంది. రెండూ జరగలేదు. గేమ్‌లో సేవ్డ్ అని చూపించిన సేవ్ నిజంగా కార్డు దాకా వెళ్లనే లేదన్నమాట! మధ్యమధ్యలో కార్డులోకి రాసే సెట్టింగ్ రెట్రోఆర్క్‌లో ఉంది, దీంట్లో ఆఫ్ చేసి ఉంది. రెండో రోజు రీసెట్ గేమ్ కొడితే అది పుస్తకం ఒక్కటే చింపింది, ఫోటో అలాగే ఉంది. గేమ్ తెరిస్తే ఫోటోలోంచి బుజ్జి వచ్చాడు, వాడి పుస్తకంతో సహా వచ్చాడు. నేను బయటకు రాగానే ఆ పుస్తకాన్ని మళ్లీ కార్డులో రాసి పెట్టింది. చెరిపిన సేవ్‌ని నా చేతే మళ్లీ పుట్టించింది. ఇక ఫ్యాక్టరీ రీసెట్ కార్డు జోలికే పోలేదు. పైగా మొదటి రోజు నేను ఏం తెలియకుండా మెనూలోంచి బయటకు వచ్చి ఉంటే బుజ్జి ఫోటో మీద నా ఫోటో పడిపోయేది, ఆ 41 గంటల గురించి ఈ కన్సోల్ ఒక్క ముక్క కూడా అడిగేది కాదు. కావాలని చెరిపితే చెరగదు, చెరపకూడదు అనుకుంటే మాత్రం నిమిషంలో పోతుంది. నా కోపం దాని మీద.

కొన్నవాళ్లు ఉంటే ఇవాళే ఆ ఆటో సేవ్ స్టేట్, ఆటో లోడ్ స్టేట్ రెండూ ఆఫ్ చేయండి. ఇందాక చెప్పిన, మధ్యమధ్యలో కార్డులోకి రాసే సెట్టింగ్ సేవ్‌ర్యామ్ ఆటోసేవ్ అని ఉంటుంది, దాన్ని పది సెకన్లకి పెట్టండి. పవర్ బటన్‌తో ఆపే అలవాటు మానండి. ఏదైనా గేమ్ నిజంగా మొదటి నుంచి ఆడాలంటే కార్డు తీసి కంప్యూటర్‌లో పెట్టి, ఆ గేమ్ పేరుతో ఉన్న ఎస్ఆర్ఎమ్ ఫైల్, స్టేట్ అని ఉన్నవన్నీ, ముఖ్యంగా చివర ఆటో అని ఉన్నది, కలిపి తీయాలి. ఒక్కటి వదిలినా బుజ్జి వస్తాడు. గేమ్ ఫైల్ మాత్రం తీయకండి, పేరు ఒకటే ఉంటుంది కాబట్టి చేయి జారుతుంది.

కొనాలా వద్దా? స్క్రీన్ చూసి మనసు పడుతుంది, ఒప్పుకుంటాను. మీకు ఫైళ్ల సంగతి తెలిస్తే, పైన చెప్పిన పని ఓపిగ్గా చేసుకుంటే తీసుకోండి, ఈ రేటుకి ఇంత మంచి బటన్లు నేను చూడలేదు. ఇంట్లో ఇద్దరు పిల్లలు ఒకటే కన్సోల్ పంచుకుంటారంటే మాత్రం వద్దు. మా తమ్ముడి కేసులో కనీసం గేమ్ అడిగింది. ఇది అడగదు. మా అక్క కొడుక్కి కొనిపెడదాం అనుకున్నాను, మానుకున్నాను, వాడికింకా చెప్పలేదు.

ఆ రాత్రి ఫైళ్లు తీసేసి గేమ్ తెరిస్తే న్యూ గేమ్, ఆప్షన్, ఈ రెండే కనపడ్డాయి. మూడు రోజుల తర్వాత మొదటిసారి గడ్డి లేదు. కానీ తీసేముందు ఆ ఫైళ్లన్నీ ఒక పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కించాను. మూడు రోజులుగా మొహం చూస్తున్నవాణ్ణి చేతులారా చెరపబుద్ధి కాలేదు. బుజ్జీ, నువ్వెవరో నాకు తెలియదు, కన్సోల్‌తో పాటు ఆ పెన్‌డ్రైవ్ కూడా గవర్నర్‌పేట షాపులోనే ఇచ్చి వెళ్తాను. కవర్ మీద నీ పేరు రాశాను. ఉప్మా లెవెల్ 38, నేను ముట్టుకోలేదు.