లాడ్జీ ట్యాబ్‌లు, క్రాక్ సర్వర్

తమ్ముడు: నమస్కారం. ఆఫీసు ఫోన్లను, ట్యాబ్‌లను ఒకచోటి నుంచి అదుపు చేసే ఎండీఎం సాఫ్ట్‌వేర్‌ను లైసెన్సు కొనకుండా క్రాక్ చేసి వాడితే వచ్చే తిప్పలు, ఈరోజు విషయం.

అక్క: చట్టం ముందే చెప్పేస్తా. కాపీరైట్ చట్టం 63బి. దొంగ కాపీ అని తెలిసి వాడితే 7 రోజుల నుంచి 3 ఏళ్ళ దాకా జైలు, 50 వేల నుంచి 2 లక్షల దాకా జరిమానా. ఇంగ అసలు సంగతి.

తమ్ముడు: లీలామహల్ సర్కిల్ కాడ లాడ్జీ అనుకో అక్కా. కౌంటర్లో ట్యాబ్‌లు, వాటిలో యాత్రికుల ఆధార్ ఫొటోలు. క్రాక్ సర్వర్ పెట్టి, ఫైర్‌వాల్లో బయటి దారి మూసేస్తే పోదా?

అక్క: మళ్ళీ ఫైర్‌వాలా! మూస్తే ఎండీఎం ఎట్ల పనిచేస్తాది? ట్యాబ్‌ను లేపాలంటే మామూలుగా గూగుల్ పుష్, అంటే సర్వర్ పిలుపును ట్యాబ్‌కు చేర్చే సేవ, దాని గుండా పోవాల. ఐఫోన్‌కైతే ఆపిల్...

తమ్ముడు: ఆపిల్ పుష్ సర్టిఫికెట్ ఏడాదికే...

అక్క: ఆగబ్బా, దానికి వస్తాం. ఒక ట్యాబ్ రేణిగుంట స్టేషన్ కాడ వ్యాన్లో ఉంటాది. అది సర్వర్‌ను అందుకోవాల.

తమ్ముడు: ఆ అడ్రసులకు మాత్రమే వదుల్తా.

అక్క: వదిలినా క్రాక్ ఫైలును ఎవరు మార్చినారో తెల్దు కదా. రైట్ క్లిక్, ప్రాపర్టీస్, డిజిటల్ సిగ్నేచర్స్, డీటెయిల్స్ చూడు. సంతకం ఉండే ఫైల్లో కోడ్ మారిస్తే చెల్లదని చూపిస్తాది. విండోస్ యాంటీవైరస్ డిఫెండర్‌ను ఆపి ఎక్కించమన్నారంటే ఆడికే ఆగిపోవాల. ఇది మామూలు గేమ్ క్రాక్ కాదు. విండోస్‌లో సిస్టమ్ ఖాతాతో, ఆండ్రాయిడ్‌లో డివైస్ ఓనర్‌గా, అంటే మిషన్ మీద పూర్తి అధికారంతో నడుస్తాది. అంతా చెరిపేసే ఒక్క వైప్ ఆదేశంతో అన్ని ట్యాబ్‌లూ ఖాళీ. 2021 జులైలో కసేయా వీఎస్ఏ అని, ఇట్లనే కంప్యూటర్లను దూరం నుంచి అదుపు చేసే సాఫ్ట్‌వేర్, దాని సర్వర్ల గుండానే ఫైళ్ళకు తాళం వేసి డబ్బులడిగే రాన్సమ్‌వేర్ దిగింది, అదీ లైసెన్సు ఉన్నోళ్ళకు. వాళ్ళకు ప్యాచ్ వచ్చింది. క్రాక్ కాపీకి ప్యాచ్ ఎక్కిస్తే క్రాక్ ఎగిరిపోతాది, అందుకని ఎవురూ ఎక్కించరు.

తమ్ముడు: ...ప్యాచ్ మాట నిజమే. ఇప్పటికే పెట్టుకున్నోళ్ళు?

అక్క: పాలసీలో ఫ్యాక్టరీ రీసెట్‌కు అడ్డు ఉండాదేమో చూడాల. ఉంటే తీసి, అన్ని ట్యాబ్‌లకూ చేరినాకే సర్వర్ వైరు పీకాల. ముందే పీకితే సెట్టింగ్స్‌లో రీసెట్ కాదు. ఫొటోలు దించుకోని రీసెట్ చేసి, స్వాగతం తెర మీద 6 సార్లు తడితే క్యూఆర్ స్కానర్ వస్తాది, కొత్త ఎండీఎంలో చేర్చుకోవచ్చు. సర్వర్‌ను ఫార్మాట్ కొట్టాల. పాస్‌వర్డ్‌లు వేరే మిషన్ నుంచి మార్చాల. డేటా బయటికి పోయిందని తెలిస్తే 6 గంటల్లో కేంద్ర ప్రభుత్వ సైబర్ భద్రతా సంస్థ సెర్ట్-ఇన్‌కు చెప్పాల.

తమ్ముడు: ఐఫోన్లుంటే ఆపిల్ పుష్ సర్టిఫికెట్! ఏడాదికొకసారి రెన్యువల్ అదే ఆపిల్ ఐడీతో చేయాల. పని మానేసినోళ్ళ సొంత ఐడీతో తీసుంటే ఫోన్లన్నీ మళ్ళీ చేర్చాల్సొస్తాది. ఆఫీసు మెయిల్‌తోనే తీసుకోండి.

అక్క: చెప్పేసినావా? సరే. డబ్బుల్లేకుంటే ఆండ్రాయిడ్‌కు హెడ్‌విండ్ ఎండీఎం ఉండాది, ఓపెన్ సోర్స్.

తమ్ముడు: దేని మీద ఎక్కించాల?

అక్క: ఉబుంటు లినక్స్, టామ్‌క్యాట్ వెబ్ సర్వర్, పోస్ట్‌గ్రెస్ డేటాబేస్. డొమైన్ ఒకటి కావాల, దానికి హెచ్‌టీటీపీఎస్...