సంతకం నాదే అని చెప్పండి

అందరికీ నమస్కారం. నేను వకీలును. హన్మకొండ కోర్టు వరండాలో బాకీ దావాల రోజున అప్పు తీసుకున్నాయన కనబడడు, ఫోన్ స్విచ్చాఫ్. జమానతు ఉన్న, అంటే ఆయన కట్టకపోతే నేను కడతనని సంతకం పెట్టిన సారు మాత్రం బడికి సెలవు పెట్టి, సమన్లు చేతిలో పట్టుకొని నిలబడి ఉంటడు. ఈ హాల్లో టీచర్లున్నరు, కాజీపేట రైల్వేవాళ్లున్నరు, భూపాలపల్లి నుంచి సింగరేణి వాళ్లొచ్చిండ్రు. చిట్టీ ఎత్తుకునేటోనికైనా, లోను అడిగేటోనికైనా మీ మంచితనంతో పని లేదు. మీ జీతం సర్టిఫికెట్‌తోనే పని.

"పైసలు తిన్నది వాడు, ముందు వాణ్ని అడగాలె గదా" అంటరు. న్యాయంగానే అనిపిస్తది. కానీ 1872 నాటి కాంట్రాక్టు చట్టం 128వ సెక్షను ప్రకారం, కాగితంలో వేరే రాసుకోకపోతే అప్పుదారు బాధ్యత ఎంతో జమానతుదారు బాధ్యతా అంతే. ముందు అప్పుదారు ఆస్తులన్నీ వెతికి ఆ తర్వాతే మీ దగ్గరికి రావాలన్న వాదన 1969లోనే, బ్యాంక్ ఆఫ్ బీహార్ కేసులో, సుప్రీంకోర్టు ముందు నిలవలేదు.

ఇప్పుడు నా తప్పు ఒకటి చెప్త. చాలా ఏండ్ల కింద ఒక సారు వచ్చిండు. బామ్మర్ది ఎరువుల దుకాణానికి బ్యాంకులో నాలుగు లక్షల లిమిట్‌కు, అంటే అంత దాకా వాడుకునే అప్పుకు, జమానతు పెట్టిండు. బ్యాంకు తర్వాత ఆ లిమిట్‌ను తొమ్మిది లక్షలు చేసింది. సారును పిలవలేదు, సంతకం తీసుకోలేదు. 133వ సెక్షను సరిగ్గా ఇందుకే ఉన్నది. జమానతుదారు ఒప్పుకోకుండ ఒప్పందం మార్చితే, ఆ మార్పు తర్వాతి లావాదేవీలకు అతని పూచీ ఉండదు. అంటే సగానికి పైగా బరువు దిగిపోవాలె.

కానీ ఎవరో చెవిలో ఊదిండ్రు: "సంతకమే నాది కాదను, కేసు అక్కడే పోతది." సారు అదే పట్టు పట్టిండు. నేనూ అట్లనే జవాబు దావా, అంటే దావాకు మన తరఫు రాతపూర్వక జవాబు, రాసి ఇచ్చిన. సంతకం నిపుణుని దగ్గరికి పోయింది, ఆయనదేనని రిపోర్టు వచ్చింది. అడ్డసవాళ్లలో (క్రాస్ ఎగ్జామినేషన్‌ల) బ్యాంకు వకీలు ఒక్కటే అడిగిండు: "సంతకం మీది కాకపోతే మీ జీతం సర్టిఫికెట్ బ్యాంకుకు ఎట్ల చేరింది?" సారు నా దిక్కు చూసిండు. నేను ఫైలు దిక్కు చూసిన.

ఆఖర్న లిమిట్ సంగతి ఎత్తితే జడ్జిగారు, "అసలు పూచీయే లేదన్నరు, ఇప్పుడు పూచీ నాలుగు లక్షలకే అంటరా? అది మీ జవాబు దావాలో ఏది?" అన్నరు. డిక్రీ, అంటే బాకీ కట్టాలన్న కోర్టు తీర్పు, మొత్తం బాకీకి పడ్డది.

ప్రమాణం చేసి తెలిసీ అబద్ధం చెప్తే ఏడేండ్ల దాకా జైలు వేయొచ్చు. ఒకప్పుడు ఐపీసీ 193, ఇప్పుడు భారతీయ న్యాయ సంహిత 229. నిజం చెప్పాలంటే బాకీ దావాల్లో అందాక పోవడం తక్కువే. కానీ ఒక్క అబద్ధం దొరికినంక మీ నిజం కూడ ఎవరికీ వినబడదు. నాకు దానికే భయం.

"సంతకం నాదే" అని ఒప్పుకున్నంక అడగాల్సినవి ఎన్నో ఉన్నయి. దావా గడువు దాటిందా? తాకట్టు వస్తువును బ్యాంకు మీకు చెప్పకుండ వదిలేసిందా? దాని విలువ మేరకు కాంట్రాక్టు చట్టం 141వ సెక్షను మిమ్మల్ని కాపాడుతది. లిమిట్ పెంచిండ్రా? అయితే అచ్చు ఫారంలో "మార్పులు చేసినా నాకు అభ్యంతరం లేదు" అన్న వాక్యం కూడ ఉంటది, సంతకం పెట్టే ముందే చూసుకోండి. జీతం జప్తయినా మొదటి వెయ్యి రూపాయలు, మిగిలినదాంట్ల మూడింట రెండొంతులు ముట్టరాదు. అదే డిక్రీ కింద 24 నెలలు మించి కోయరాదు. కట్టిన పైసలకు అదే చట్టం 145వ సెక్షను కింద మీరు ఆ బామ్మర్ది మీద దావా వేయొచ్చు. ఇంట్ల ఎట్లుంటదో అది వేరే ముచ్చట.

ఎవరి జేబులోనన్న సమన్లు ఉంటే, అందిన తేదీ నుంచి లెక్క పెట్టండి. జవాబు దావాకు 30 రోజులు, కోర్టు ఒప్పుకుంటే 90 దాకా. మీటింగ్ అయినంక నేను ఈడనే కూర్చుంట, కాగితాలు తీసుకొని రండి.