కేక వినపడని పండగ

నమస్కారం. బొమ్మ వేసేముందు నాలుగు మాటలు చెప్పి పక్కకు తప్పుకుంటాను.

మనం చూడబోయేవి 1910 సెప్టెంబరులో మెక్సికో నగరంలో తీసిన మూకీ చిత్రాల ముక్కలు. ఆ దేశం స్పెయిన్ మీద తిరగబడి అప్పటికి నూరేళ్లు. 1810 సెప్టెంబరు 16 తెల్లవారుజామున డొలోరెస్ అనే ఊళ్లో మిగెల్ హిడాల్గో అనే ఫాదరీ చర్చి గంట కొట్టించి, జనాన్ని పోగేసి కేక వేశాడు. ఏటా దేశాధ్యక్షుడు మేడ మీద నిలబడి మళ్లీ ఆ కేకే వేస్తాడు. ఆ పండగకు ప్రాణం కేక. పట్టబోయింది మూగ కెమెరా! పైగా కేక వేసేది 15వ తేదీ రాత్రి పదకొండింటికి. ఆనాటి ఫిల్ముకు ఎండ ఉంటేనే బొమ్మ బాగా పడేది.

అందుకే సాల్వడోర్ తోస్కానో, ఆల్వా సోదరుల వంటి ఆనాటి మెక్సికో చిత్రకారులకు, అంటే కెమెరా పట్టినవాళ్లకు, దక్కింది ఎక్కువగా పగటి పండగే. పల్లకీలో ఆజ్టెక్ చక్రవర్తి మొక్తెసుమా, గుర్రం మీద ఆ రాజ్యాన్ని గెలిచిన స్పెయిన్ సేనాని కోర్తెస్, అంతా వేషాలే. మర్నాడు స్వాతంత్ర్య స్తంభం ఆవిష్కరణ. 17న స్వాతంత్ర్య యోధుడు మొరేలోస్ యూనిఫాం ఊరేగింపు. ఈయన్ని 1815లో కాల్చి చంపింది స్పెయిన్ పాలకులే. ఆ బట్టల్ని గౌరవంగా తెచ్చి అప్పజెప్పిందీ స్పెయినే. నాకైతే అన్నిటికన్నా విచిత్రం అదే.

అధ్యక్షుడు పోర్ఫిరియో దియాస్‌కు సరిగ్గా ఆ 15నే ఎనభై నిండాయి. పండగ దేశానిదా, ఆయనదా అంటే చెప్పడం కష్టం. ఎన్నికల్లో ఆయనకు ఎదురు నిలిచిన మదేరోను ఓట్ల రోజుకు ముందే జైల్లో పెట్టారు. పేదలు పెద్ద వీధుల్లో కంటపడకుండా పోలీసులు కాపలా కాశారు. కెమెరా ముందుకు ఇవేవీ రాలేదు.

ఒక సంగతి. జనం గబగబా నడుస్తుంటే నవ్వకండి. చేత్తో తిప్పిన కెమెరా సెకనుకు పదహారు బొమ్మల దాకా పట్టేది, మన యంత్రం ఇరవై నాలుగు వేస్తుంది. తొందర మనది, వాళ్లది కాదు.

నవంబరు 20న తిరగబడమని మదేరో పిలుపిచ్చాడు. 1911 మే నెలాఖరుకు దియాస్ వెరాక్రూజ్‌లో ఓడెక్కాడు. తోస్కానో ఆ విప్లవాన్నీ పట్టాడు. ఆయన కూతురు కార్మెన్ ఆ రీళ్లన్నీ కలిపి 1950లో ఒక సినిమా చేసింది, దానికి వ్యాఖ్యానమూ సంగీతమూ చేర్చింది.

ఈ పూట మాత్రం మేం పియానో పెట్టలేదు, కావాలనే. లైట్లు ఆపండి బాబూ.