రాతి వయసు వేరు, బంగారం వయసు వేరు

సభకు నమస్కారం. కోలార్ బంగారం ఎన్నేళ్లనాటిదని అడిగితే చాలామంది ఠక్కున 270 కోట్ల ఏళ్లు అంటారు. ఆ అంకె అక్కడి నల్లరాతిది. లావాగా పారి, గట్టిపడి, తర్వాత వేడికీ ఒత్తిడికీ రూపు మారిన బసాల్ట్ వయసది. బంగారం అందులోకి చేరింది ఎన్నో కోట్ల ఏళ్ల తర్వాత. ఇల్లు కట్టిన ఏడూ, అందులో అద్దెకు దిగిన ఏడూ ఒకటి కావు కదా!

ముందు రాతి సంగతి చూద్దాం. గ్రానైట్ ముక్కను పొడిచేసి బరువైన గింజలను వేరుచేస్తే జిర్కాన్ అనే ఖనిజం దొరుకుతుంది. ఒక్కో గింజ మిల్లీమీటరులో పదో వంతు ఉంటుంది. కరిగిన రాతిలో అది పెరిగేటప్పుడు యురేనియంను లోపలికి రానిస్తుంది, సీసాన్ని దాదాపు రానివ్వదు. కాబట్టి ఇప్పుడు అందులో ఉన్న సీసం ఆ యురేనియం మెల్లగా క్షీణించగా పుట్టిందే. యురేనియంలోని రెండు ముఖ్య రకాల్లో 238 సగం కావడానికి సుమారు 447 కోట్ల ఏళ్లు పడితే, 235కు 70 కోట్ల ఏళ్లు చాలు. రెండు లెక్కలూ ఒకే జవాబిస్తే ఆ వయసును ధైర్యంగా నమ్మొచ్చు. గింజను సానపట్టి ఎలక్ట్రాన్ మైక్రోస్కోపు కింద పెడితే, కొన్నిటిలో నడుమ ఓ పాత గింజ, దాని చుట్టూ తర్వాత పెరిగిన పొర కనిపిస్తాయి.

ఆ నల్లరాయి పొడవుగా పరుచుకున్న కోలార్ పట్టీకి పడమటి నైస్ రాళ్లు (వేడికీ ఒత్తిడికీ చారలు తేలిన గ్రానైట్ లాంటి రాళ్లు) 263 నుంచి 255 కోట్ల ఏళ్లవనీ, తూర్పువి సుమారు 253 కోట్ల ఏళ్లవనీ ఇలాగే తేలింది. పడమటి వాటిలో 300 కోట్ల ఏళ్లు దాటిన నేల జాడలున్నాయి, తూర్పున అవి లేవు. వేర్వేరుగా పుట్టిన రెండు నేలలు ఇక్కడ ఢీకొన్నాయని క్రోగ్‌స్టాడ్, బాలకృష్ణన్, రాజమణి తదితరులు 1989లో వాదించారు. నన్నడిగితే దక్షిణ భారత భూగర్భ పరిశోధనలో ఇంత పెద్ద మలుపు అరుదు.

అలాంటి తాకిళ్లలోనే బంగారానికి దారి పడుతుంది. లోతున రాళ్లు వేడెక్కితే వాటి ఖనిజాల్లో ఇమిడి ఉన్న నీరు బయటికొస్తుంది. అందులో గంధకం ఉంటే బంగారం దానితో జతకట్టి, కరిగి, నీటి వెంట పైకి నడుస్తుంది. నెర్రెల్లో ఎక్కివచ్చిన ఆ నీటికి ఇనుము మెండుగా ఉన్న నల్లరాయి తగిలిందా, గంధకం ఇనుముతో కలిసి పైరైట్ అయిపోతుంది, బంగారం అక్కడే దిగబడుతుంది. నెర్రె ఒక్కసారిగా తెరుచుకుని ఒత్తిడి పడిపోయినా అంతే. నెర్రెలో పలుగురాయి నిండి ఏర్పడిన ఇలాంటి సిరను అడ్డంగా కోసి చూస్తే, తెల్లటి పలుగులో వెంట్రుకల్లా సన్నని నల్లచారలు వరసగా కనిపిస్తాయి. ఆ నెర్రె ఎన్నోసార్లు తెరుచుకుని మూసుకుందనడానికి అవే సాక్ష్యం.

మరి సిర వయసు కట్టేదెలా? ప్రకృతిలో దొరికే బంగారానికి ఉన్నది ఒకే ఐసోటోపు, అంటే ఒకే రకం పరమాణువు, అది క్షీణించదు. అందుకే దానితోపాటు పెరిగిన, క్షీణించే మూలకాలున్న అభ్రకం, మోనజైట్, పైరైట్ లాంటి సల్ఫైడ్‌లను ఆశ్రయిస్తాం. దక్షిణాఫ్రికాలోని విట్‌వాటర్స్‌రాండ్‌లో మాత్రం బంగారు రేణువుల్లో అతి స్వల్పంగా ఉన్న రీనియంనూ, అది క్షీణించగా పుట్టే ఆస్మియంనూ కొలిచారు. 2002లో వెలువడిన ఆ ఫలితం 303 కోట్ల ఏళ్లు. ఆ రేణువులున్న గులకరాళ్ల పొరలు అంతకన్నా తర్వాతివి! బంగారాన్ని పాత నదులు మోసుకొచ్చి పోశాయన్న వాదనకు దాంతో బలమొచ్చింది.

కోలార్ పట్టీ మన చిత్తూరు జిల్లా చిగురుకుంట దాకా సాగుతుంది. రామగిరి, జొన్నగిరి కూడా ఇలాంటి పట్టీలే. కోలార్ గనులు 2001లో మూతపడ్డాక మూడు కిలోమీటర్లు దాటిన ఆ లోతుల్లోకి నీరు చేరింది, మళ్లీ దిగి రాయి తెచ్చే వీల్లేదు. కాబట్టి ఎక్కడ పాత డ్రిల్ కోర్లు (డ్రిల్లింగ్‌తో లోతు నుంచి తీసిన రాతి కడ్డీలు) ఉన్నా, ఏ లోతువో పెట్టెల మీద రాసి భద్రపరచాలని బతిమాలుతున్నాను. క్షేత్రానికి వెళ్లే విద్యార్థులు సిర అంచున మెరిసే అభ్రకాన్ని కూడా సంచిలో వేసుకోండి. ఉత్త పలుగురాయి మాత్రమే తెస్తే వయసు కట్టడానికి అందులో దొరికేది చాలా తక్కువ.