ఇంగ్లండ్ బడిలో నా బుధవారం: పిల్లలు చదువుతుంటే వినడమే పని!

హాయ్ అండీ, అందరూ బాగున్నారా? బుధవారం మధ్యాహ్నం ఫోన్ ఎందుకు ఎత్తనని మా పిన్ని అడుగుతూనే ఉంది. పిన్నీ, ఆ టైంలో నేను మా ఇంటి దగ్గరి ప్రైమరీ స్కూల్లో వాలంటీర్‌ని. జీతం లేదు. పిల్లలు చదువుతారు, నేను పక్కన కూర్చుని వింటాను.

పిల్లల్ని చూపించమని మాత్రం అడగకండి. గేటు దాటితే ఫోన్ బ్యాగులోకి వెళ్ళిపోవాల్సిందే.

మన దగ్గర చదువుకున్నవాళ్ళు అరుగు మీద కూర్చుని వీధి పిల్లల్ని పిలిస్తే అదే ట్యూషన్. ఇక్కడ ముందు డీబీఎస్ చెక్ కావాలి. అంటే మన మీద పోలీసు రికార్డు ఏమైనా ఉందా అని చూస్తారు. ఎదురుచూడాలంటే చిరాకేసింది కానీ, పిల్లల దగ్గరికి ఎవరొస్తున్నారో తెలియాలి కదా.

నా దగ్గరికి వచ్చే పిల్లల్లో చాలామంది ఇళ్ళల్లో డబ్బుకి ఇబ్బందే. ఇలాంటి పిల్లల కోసం ప్రభుత్వం ప్యూపిల్ ప్రీమియం పేరుతో బడికి డబ్బిస్తుంది. 2024–25లో ప్రైమరీలో ఒక్కొక్కరికి 1,480 పౌండ్లు, మన లెక్కలో లక్షన్నర పైనే! దాంతో అదనంగా టీచర్ని పెట్టుకోవచ్చు. కానీ రెండు ఉద్యోగాలు చేసే అమ్మకి రాత్రిపూట పిల్లాడి పక్కన కూర్చునే ఓపిక ఎక్కడినుంచి వస్తుంది? మా అవసరం అక్కడే.

ఒక విచిత్రం చెప్పాలి. ఇక్కడ ఇయర్ వన్ చివర, అంటే ఐదారేళ్ళ పిల్లల క్లాసు చివర, ఫోనిక్స్ పరీక్ష ఉంటుంది. ఫోనిక్స్ అంటే అక్షరాల సౌండ్లు కలుపుకుంటూ మాటని చదవడం. 40 మాటలు, అందులో 20 మాటలకి అసలు అర్థమే ఉండదు! వాటి పక్కన వింత జీవుల బొమ్మలు వేస్తారు. పిల్లలు మాటని గుర్తుపట్టి చెప్పేస్తున్నారా, కూడబలుక్కుని చదువుతున్నారా అని అలా తెలుస్తుంది. గుణింతంతో పెరిగిన మనకి ఈ తంటా లేదు.

ఈరోజు ఒక బాబు వేలు ‘లైట్’ అన్న మాట దగ్గర ఆగిపోయింది. చెప్పేద్దామని నోటిదాకా వచ్చింది, ఆపుకున్నాను. ఇందులో కష్టమైన పని అదే. కాసేపటికి, “ఐజీహెచ్, మిస్! మూడూ కలిసి ఒకటే సౌండ్!” అని అరిచాడు. మా అక్క కొడుకుదీ ఇదే వయసు. వాడి చదువు నాకు ఫోన్లోనే.



ఇంగ్లండ్‌లో ఉన్న మనవాళ్ళు దగ్గర్లోని స్కూల్ ఆఫీసులో అడగండి. ఆ డీబీఎస్‌కి స్కూలే అప్లికేషన్ పెడుతుంది, వాలంటీర్లకి ఫీజు ఉండదు. కానీ ప్రతి వారం తప్పకుండా వెళ్ళగలిగితేనే ఒప్పుకోండి, పిల్లలు ఎదురుచూస్తారు.