గుత్తి కోట గైడెడ్ ట్రెక్ రివ్యూ: ఒక్క పూట చాలు, గైడ్ మాత్రం ఉండాలి

నమస్తే అండీ. హైదరాబాద్ నుంచి బెంగళూరు వైపు 44వ నంబరు హైవేలో వెళ్లినవాళ్లు గుత్తి దాటేటప్పుడు కిటికీలోంచి తలెత్తి చూసే ఉంటారు. పెద్ద రాతికొండ, దాని నెత్తిమీదిదాకా పాకిన గోడలు. "ఎవరు కట్టారో ఏమో" అనుకునేలోపే బస్సు ముందుకెళ్లిపోతుంది. అనంతపురం జిల్లాలోనే పుట్టి పెరిగి కూడా ఆ కొండ ఎక్కనివాళ్లు చాలామంది ఉన్నారు. ఈ వీడియో ముఖ్యంగా వాళ్ల కోసం. ఒక చిన్న గ్రూపుతో, స్థానిక గైడ్‌తో కలిసి చేసిన ఒక పూట ట్రెక్ ఇది. ఎలా ఉంది, ఎవరు వెళ్లొచ్చు, గైడ్‌కి ఇచ్చే డబ్బు దండగా కాదా, అన్నీ చెప్తాను.

నా మాట ముందే చెప్పేస్తాను. తప్పకుండా వెళ్లండి. గైడ్‌ని తీసుకునే వెళ్లండి. గండికోటలో అయితే లోయ అంచుకి వెళ్లి నిలబడితే చాలు, కళ్లముందే అంతా కనిపిస్తుంది, ఎవరూ ఏమీ చెప్పక్కర్లేదు. గుత్తి అలా కాదు. ఇక్కడ ఏది ఎందుకు కట్టారో తెలియకపోతే రెండు గంటలు ఎండలో గోడలు, ముళ్లపొదలు చూసి దిగొస్తారు. తెలిస్తే మాత్రం ప్రతి మలుపు దగ్గరా ఆగిపోతారు.

మా గైడ్ కోట కిందున్న పాత ఊళ్లోనే పుట్టి పెరిగిన పెద్దమనిషి. అందరం ఆయన్ని అన్నా అనే పిలిచాం. తెల్లారకముందే రమ్మన్నాడు. "ఎనిమిదైతే బండ కాలుతాది అప్పా, అంతలోపల పైన ఉండల్ల" అన్నాడు. ఆ మాట నూటికి నూరుపాళ్లు నిజం. కొండంతా గ్రానైట్, చెట్టు నీడ బాగా తక్కువ. చుట్టూ ఉన్న నేల మీంచి కోట పైభాగం దాదాపు 300 మీటర్ల ఎత్తు. తాడు పట్టుకుని ఎగబాకే చోట్లేమీ లేవు. రాళ్లు పరిచిన పాత దారి, మధ్యమధ్యలో మెట్లు. మామూలుగా నడిచే అలవాటున్నవాళ్లు నిదానంగా ఎక్కేయొచ్చు. ఆ రాళ్లు వందల ఏళ్ల రాకపోకలకి నున్నగా అరిగిపోయాయి, అదొక్కటి జాగ్రత్త. వెనకాల గ్రిప్ లేని చెప్పులతో వచ్చిన ఒకాయన దిగేటప్పుడు పడ్డ అవస్థ చూశాను. బూట్లు వేసుకోండి.

మొదటి ద్వారం దగ్గరే అన్న మమ్మల్ని ఆపాడు. "నువ్వు ఏనుగు అనుకో, ఉరుక్కుంటా వచ్చి ఈ తలుపును గుద్దు" అన్నాడు. గ్రూపులో ఒక పిల్లాడు నిజంగానే పరుగెత్తబోయాడు. కుదర్లేదు. తలుపు ముందుకి రాగానే దారి పక్కకి మళ్లుతుంది. వేగం అందుకోవడానికి చోటే లేదు. తలుపుల్ని గుద్దడానికి వచ్చిన ఏనుగైనా అక్కడ ఆగి తిరగాలి, తిరిగేలోపు పైనున్న బురుజుల మీంచి రాళ్లూ బాణాలూ పడతాయి. ఈ కోటలో ఇలాంటి ముఖద్వారాలు పదిహేను అని చెప్తారు. కొండ శిఖరాలన్నిటినీ కలుపుతూ గోడలు కట్టారు కాబట్టి ఒకటి పోతే ఇంకోదాని వెనక్కి తగ్గొచ్చు. ఫొటోల్లో చూసినప్పుడు నాకు ఇది ఒకే కోటలా అనిపించేది. పైనుంచి చూస్తే ఒకదానికొకటి అతుక్కున్న చిన్న కోటల వరస.

ఇంకొంచెం పైకెళ్లాక దారి పక్కన ఒక బండ ఉంది. స్క్రీన్ మీద చూడండి. బండ మీద గీత గీసినట్టు వరసగా గుంటలు. నా చూపుడువేలు మొదటి కణుపుదాకా పట్టింది ఒక్కో గుంటలో. రాయిని చీల్చడానికి వేసిన గుంటలివి. వరసగా గుంటలు తొలిచి, చీలలు బిగించి, ఒకదాని తర్వాత ఒకటి కొట్టుకుంటూ పోతే రాయి ఆ గీత వెంబడే పగులుతుంది. ఈ బండ సగం చీలి ఆగిపోయింది. మొదలుపెట్టినవాళ్లు ఎందుకు వదిలేశారో గానీ, పక్కనున్న గోడలో రాళ్ల అంచులు చూస్తే అవే సగం గుంటలు కనిపిస్తాయి. అంటే రాయి ఎక్కడి నుంచో మోసుకురాలేదు, ఈ కొండనే కోసి ఈ కొండమీద పేర్చారు. అన్న వేలు పెట్టి చూపించకపోతే ఈ బండని దాటుకుని పోయేవాళ్లం. గైడ్ ఎందుకు అని అడిగేవాళ్లకి నా జవాబు ఈ బండే.

పైన బండల మీద శాసనాలున్నాయి. కన్నడంలో ఉన్నాయి, సంస్కృతంలో ఉన్నాయి. పాతవి కల్యాణి చాళుక్యరాజు ఆరో విక్రమాదిత్యుడి కాలం నాటివి, అంటే 11వ శతాబ్దం చివర, 12వ శతాబ్దం మొదట. ఆ తర్వాత విజయనగరం. మొదటి బుక్కరాయల్ని తలుచుకునే సంస్కృత శ్లోకం ఒకటుంది. గుత్తిని దుర్గాలన్నిటికీ రాజు అంటుంది, బుక్కరాయల సామ్రాజ్యమనే చక్రానికి నాభి ఈ గుత్తే అంటుంది. హంపి దాకా పోయి విజయనగర వైభవం చూసొస్తాం మనం. ఆ రాజ్యానికి నడిబొడ్డు అని పొగిడించుకున్న కొండ మన జిల్లాలోనే ఉంది. అక్షరాలు అరిగిపోయాయి, పొద్దుటి ఏటవాలు వెలుతురులో మాత్రమే కాస్త తేలి కనిపిస్తాయి. తొందరగా వెళ్లమనడానికి ఇదొక కారణం. దయచేసి అక్షరాల మీద సుద్ద రుద్దకండి, నీళ్లు పోయకండి, ఫొటో బాగా రావాలని ఏదీ చేయకండి.

ఇప్పుడు అసలు సంగతికి వస్తాను. నీళ్లు. సంవత్సరానికి 550 మిల్లీమీటర్ల దగ్గర వాన పడే జిల్లా మనది. బోర్లు వేయించి వేయించి అలసిపోయిన ఊళ్లు మనవి. అలాంటి చోట ఒక రాతికొండ మీద సైన్యం, గుర్రాలు, వంటవాళ్లు, వాళ్ల పిల్లాజెల్లా నెలల తరబడి ఎలా బతికారు? అన్న మమ్మల్ని గోడల కన్నా ఎక్కువసేపు నిలబెట్టింది దీని దగ్గరే. బండల మధ్య సందుల్ని చూసి, వాన నీరు ఎటు జారుతుందో గమనించి, అక్కడ రాతికట్ట అడ్డంగా వేశారు. సహజంగా ఉన్న దొనల్ని, అంటే నీళ్లు నిలిచే రాతి గుంటల్ని, లోతు చేశారు. బావులు తవ్వారు. ఒక దొన దగ్గర కూర్చుని కట్ట లోపలి వైపు చూశాను. రాళ్ల సందుల్లో సున్నం గారె ఇప్పటికీ గట్టిగా ఉంది, గోరుతో గీకితే రాలదు. నీళ్లు మాత్రం పచ్చగా పాచి పట్టి ఉన్నాయి. అన్నం వండుకుని తిన్న మనుషులు తాగిన నీళ్లు నిలిచిన చోటు అది. సింహాసనాల కథలకన్నా నాకు ఇదే ఎక్కువ పట్టుకుంది.

ఈ కోట కథ ముగిసింది కూడా నీళ్ల దగ్గరే. 18వ శతాబ్దం నడుమ గుత్తి మరాఠా సర్దారు మురారిరావు ఘోర్పడేది. 1751లో ఆర్కాటు ముట్టడిలో చిక్కుకున్న ఈస్టిండియా కంపెనీ అధికారి క్లైవుకి సాయంగా కదిలినవాడు ఈయనే, అంత పేరున్న యోధుడు. 1776లో మైసూరు పాలకుడు హైదరాలీ వచ్చి గుత్తిని చుట్టుముట్టాడు. ముందు ఊరు, కింది కోట పోయాయి. అక్కడి జనమంతా పై కోటలోకి చేరారు. మనుషులు పెరిగారు, పశువులు పెరిగాయి, దొనలు అడుగంటాయి. ఫిరంగులకి లొంగని కొండ దాహానికి లొంగింది. మురారిరావు చెరలోకి వెళ్లి, మైసూరు రాజ్యంలోని కబ్బాళదుర్గంలో ప్రాణాలు విడిచాడు. ఆ దొన పక్కన నిలబడి ఈ కథ వింటే ఒళ్లు జలదరిస్తుంది.

అక్కడి నుంచి మురారిరావు గద్దె. కొండ అంచున చిన్న మంటపం, కింద గుత్తి ఊరంతా కనిపిస్తుంది. అక్కడ కూర్చుని ఆయన చదరంగం ఆడేవాడని, ఉయ్యాల ఊగేవాడని, ఖైదీల్ని ఆ అంచునుంచే తోయించేవాడని చెప్పుకుంటారు. మా అన్న కూడా అదే చెప్పాడు, కళ్లకు కట్టినట్టు చెప్పాడు. ఇక్కడే నాకున్న చిన్న అసంతృప్తి. శాసనంలో ఉన్నది, జనం నోట ఉన్నది, రెండూ ఒకే గొంతుతో చెప్పేస్తారు గైడ్లు. రెండూ వినాల్సినవే. కానీ ఏది ఏదో వేరు చేసి చెప్తే పిల్లలతో వచ్చినవాళ్లకి ఎంతో మేలు. మీరే అడగండి, "అన్నా, ఇది రాసుందా, పెద్దోళ్లు చెప్తే విన్నదా?" అని. మేం అడిగాం. ఆయన నొచ్చుకోకుండా విడమరిచి చెప్పాడు.

గద్దె దగ్గర సెల్ఫీల విషయం. అంచున గాలి గట్టిగా కొడుతుంది. పిల్లల చెయ్యి వదలకండి. వెనక్కి అడుగులేస్తూ ఫొటో దిగకండి.

ఇక బాధ కలిగించే సంగతి. గదుల గోడల మీద పేర్లు. బొగ్గుతో, మేకుతో, పెయింటుతో. గదుల్లో ఖాళీ సీసాలు. కొన్ని చోట్ల నేల తవ్వి వదిలేసిన గుంతలు, గుప్తనిధుల ఆశతో తవ్వినవి. ఇది పురావస్తు శాఖ రక్షణలో ఉన్న కట్టడం, తవ్వితే నేరం. చట్టం సంగతి అటుంచండి, వందల ఏళ్ల గోడ పునాది కింద గడ్డపార వేయడానికి చెయ్యెలా వచ్చిందో నాకు అర్థం కాదు. నిధి ఉన్నది ఆ గోడలోనే, ఆ కట్టలోనే. అన్న భుజాన గోనెసంచి వేసుకుని వచ్చాడు. దిగేటప్పుడు మేమంతా సీసాలు ఏరి అందులో వేశాం. మీరూ ఒక సంచి పెట్టుకోండి.

దిగాక కొండ కిందున్న పాత ఇంగ్లీషువాళ్ల శ్మశానం చూడకుండా వెళ్లొద్దు. 1800లో నిజాం మన ప్రాంతాన్ని ఈస్టిండియా కంపెనీకి దత్తం చేశాక ఇక్కడ కలెక్టరుగా వచ్చిన థామస్ మన్రో, తర్వాత మద్రాసు గవర్నరు అయ్యాడు. 1827 జూలై 6న పత్తికొండలో కలరాతో చనిపోతే ఆయన్ని తెచ్చి ఖననం చేసింది ఇక్కడే. తర్వాత అస్థికల్ని మద్రాసుకి తరలించారు. రైతు పేరునే పట్టా ఇచ్చి శిస్తు కట్టించుకునే రైత్వారీ పద్ధతిని ఈ జిల్లాల్లో పాదుకొల్పింది ఆయనే. మన సీమలో పిల్లలకి మన్రోలప్ప అని పేరు పెట్టుకున్నారంటే ఆయన్ని జనం ఎలా చూశారో ఊహించుకోండి. శిస్తు రేట్ల గురించి చరిత్రకారుల విమర్శలు వేరే ఉన్నాయి, అది ఇంకో వీడియోకి సరిపడా సంగతి.

పిల్లలకి చెప్పడానికి ఇంకో ముచ్చట. గుత్తి పేరు ప్రపంచమంతా తెలిసింది కోటవల్ల కాదు, ఒక సాలీడువల్ల. నీలమణిలా మెరిసే పెద్ద సాలీడు, 1899లో శాస్త్రవేత్తలు దాన్ని మొదటిసారి వర్ణించారు, దొరికింది గుత్తి రైల్వే కలప యార్డులో. దాని అసలు ఇల్లు మాత్రం నంద్యాల, గిద్దలూరు మధ్య అడవి. కలపతోపాటు ఇక్కడికి వచ్చి ఉంటుందని అంటారు. 2001లో ఆ అడవిలోనే మళ్లీ కనిపించింది. కోట మీద దాన్ని వెతకకండి, దొరకదు.

వెళ్లే దారి. అనంతపురం నుంచి సుమారు 50 కిలోమీటర్లు, బస్సులు బాగానే ఉంటాయి. కర్నూలు నుంచి కూడా అదే హైవే. రైల్లో వస్తే గుత్తి జంక్షన్‌లో దిగి ఆటో పట్టుకోవాలి. వానలు తగ్గిన అక్టోబరు నుంచి ఫిబ్రవరి దాకా మంచి కాలం, సీతాఫలం పొదలు పచ్చగా ఉంటాయి, దొనల్లో నీళ్లు కూడా కనిపిస్తాయి. ఏప్రిల్, మే నెలల్లో మాత్రం వద్దు.

నీళ్లు మనిషికి రెండు లీటర్లు మోసుకెళ్లండి. మా ట్రెక్ ఏర్పాటు చేసినవాళ్లు ముందురోజు పంపిన మెసేజ్‌లో టోపీ గురించి, ఫొటోల గురించి రాశారు గానీ నీళ్ల గురించి ఒక్క ముక్క రాయలేదు. పైన కొనుక్కోవడానికి ఏమీ దొరకదు. ఇద్దరు అరలీటరు సీసాలతో వచ్చి పాపం నాలుక పిడచకట్టి ఇబ్బంది పడ్డారు. నిర్వాహకులు ఎవరైనా ఈ వీడియో చూస్తుంటే ఆ ఒక్క లైను చేర్చండి.

గైడ్‌తో డబ్బులు ఎక్కే ముందే మాట్లాడుకోండి, దిగాక బేరమాడకండి. పై దాకానా, గద్దె దాకానా, శ్మశానం కూడా చూపిస్తాడా అని స్పష్టంగా అడగండి. మోకాళ్ల నొప్పులున్న పెద్దవాళ్లు మొదటి రెండు ద్వారాల దాకా వచ్చి, అక్కడ నీడలో కూర్చోవచ్చు. అక్కడి నుంచి కూడా బురుజులు బాగా కనిపిస్తాయి. బీపీ, గుండె సమస్య ఉన్నవాళ్లు డాక్టర్‌ని అడక్కుండా ఎక్కకండి. పదేళ్లు దాటిన పిల్లలు హాయిగా ఎక్కేస్తారు.

ఎండ ముదరకముందే కిందికి వచ్చేస్తారు కాబట్టి టిఫిన్ గుత్తిలోనే చేయండి. వేడి ఉగ్గాణి, బజ్జి. మా అన్నని కూడా కూర్చోబెట్టుకుని తిన్నాం. అక్కడ ఆయన చెప్పిన కొన్ని బురుజుల పేర్లు, దారిలో తీసిన మిగతా క్లిప్పులు రెండో భాగంలో పెడతాను. మీలో గుత్తివాళ్లు ఉంటే, మీ ఇళ్లల్లో పెద్దవాళ్లు కోట గురించి చెప్పే సంగతులు కామెంట్లలో రాయండి. వాటిలో శాసనాలతో సరిపోయేవి ఏవో చూసి ఆ భాగంలో కలుపుతాను.