పసుపు తోక బల్లి, మా అమ్మమ్మ గుట్ట

అందరికీ నమస్కారమండీ. పెద్దలందరికీ పేరు పేరునా చెప్పాలి, కానీ నాకిచ్చింది పది నిమిషాలే, అందుకే నేరుగా బల్లి దగ్గరికొస్తున్నా.

2020లో మన తెలంగాణ రాతిగుట్టల్లో దొరికిన రెండు బల్లుల్ని సైంటిస్టులు కొత్త జాతులని తేల్చారు. హెమిడాక్టిలస్ ఫ్లావికాడస్, హెమిడాక్టిలస్ జెరికోలస్. మొదటి పేరుకి పసుపు తోకది అని అర్థం, రెండోదానికి ఎండు నేలలో బతికేది అని. మనింట్లో ట్యూబులైటు పక్కన పురుగుల్ని పట్టే బల్లి లేదా, ఇవీ దాని బంధువులే, కాకపోతే వీటికి గోడ కాదు, బండ కావాలి. గుట్టకీ గుట్టకీ నడుమ చదును నేలుంటే వాటికది సముద్రం లాంటిదే కావొచ్చు.

బండంటే మా అమ్మమ్మ వాళ్ల ఊరు గుర్తొస్తది, గచ్చిబౌలి అవతల. ఇంటి ఎనకాలే గుట్ట, గుండు మీద గుండు పేర్చినట్టు. ఎండాకాలంలో రాతి తొండ, మగది, ఎర్రగా అయి బండ మీదెక్కి తల ఊపుతుంటే "తొండ ముదిరి ఊసరవెల్లైందిరో" అని మేం పిల్లలం రాళ్లు తీసుకుని ఉరికేవాళ్లం. తొండ ముదిరితే ఊసరవెల్లి కాదండీ! రెండూ వేరే జాతులు, ఆ ఎరుపు జతకట్టే కాలంలో మగదానికొచ్చే రంగు. ఇది బళ్లో ఎవరూ చెప్పలే. అమ్మమ్మ ఒక్కతే అరిచేది, "దానింటికి పోయి దాన్నే కొడతార్రా" అని.

తర్వాత వెంచరొచ్చింది. తూటాలు పెట్టి పేలుస్తుంటే ఇంట్లో గిన్నెలు కదిలేవి, పేలినప్పుడల్లా అమ్మమ్మ బయటికొచ్చి ఇంకా ఎంత మిగిలిందో చూసి లోపలికి పోయేది. దాదాపు 250 కోట్ల ఏళ్ల గ్రానైటు, ఒక్క ఎండాకాలంలో కంకరైంది. అంతా చదునైనాక కూడా కొన్ని రోజులు కాంపౌండ్ గోడ మీద ఒక తొండ కూర్చునేది, అదే గుట్ట ఉండే చోట. తర్వాత అదీ కనపడలే.

పసుపు తోకదానికి పేరు పెట్టింది 2020లో. మా గుట్ట పోయింది అంతకు చాలా ముందు. దాని నెర్రెల్లో ఏ బల్లి ఉండెనో, దానికి ఏ పేరు పెట్టేవాళ్లో, ఇప్పుడెవరు చెప్తారు? చెప్పండి, ఎవరు చెప్తారు?

ఇంకో మాట కూడా రాసుకొచ్చా కానీ వద్దు. మీ కాలనీ ఎనకాల ఇంకా గుట్ట ఉన్నవాళ్లు చెయ్యెత్తండి. ఎత్తండమ్మా, సిగ్గెందుకు... నలుగురు. మీరు నలుగురూ మీటింగవ్వగానే వెళ్లిపోకండి, టార్చి నేనే తెస్తా, ఈ శనివారం రాత్రి ముందు ఎవరి గుట్టకి పోదామో చెప్పండి.